కార్పొరేటర్‌గా మొదలై ఎమ్మెల్యే అయితే జనానికి ఏం ఒరుగుతుంది? కడప నుంచి ఒక రివ్యూ

కార్పొరేటర్ ఎమ్మెల్యే అయి చేసే సర్వీసు కడప వాళ్లకు కొత్తేం కాదు. 2005 ఎన్నికల తర్వాత కార్పొరేషన్ కౌన్సిల్ హాల్లో కూర్చున్నవాళ్లలో ఇద్దరు 2014లో ఒకేసారి అసెంబ్లీకి వెళ్లారు. అప్పట్లో మేయర్‌గా చేసిన పి.రవీంద్రనాథ్ రెడ్డి కమలాపురం నుంచి, కార్పొరేటర్‌గా రాజకీయం మొదలుపెట్టిన ఎస్.బి.అంజాద్ బాషా కడప నుంచి. 2019లో ఇద్దరూ మళ్లీ గెలిచారు. ఆ ఏడాది ఏర్పడిన మంత్రివర్గంలో అయిదుగురు ఉప ముఖ్యమంత్రులుంటే అంజాద్ బాషా అందులో ఒకరు. మైనారిటీ సంక్షేమ శాఖ చూశారు, 2022 ఏప్రిల్లో మంత్రివర్గం మారినా ఆయన కొనసాగారు. 2024లో ఇద్దరూ ఓడిపోయారు. కడపలో ఆర్.మాధవీరెడ్డి, కమలాపురంలో పుత్తా చైతన్యరెడ్డి గెలిచారు.

ఆ మనుషుల మంచిచెడ్డలు ఓటర్లు మూడుసార్లు తేల్చారు కాబట్టి వాటి జోలికి పోవడం లేదు. చూడాల్సింది ఆ దారిని. వార్డులో మొదలై అసెంబ్లీ దాకా వెళ్లిన నాయకుడి దగ్గర ఏ పని అవుతుంది, ఏది కాదు, అయ్యేది ఎక్కడ ఇరుక్కుంటుంది. మార్కులు ముందే వేసేస్తే చదివేవాళ్లకు సులువు: ఫైలు నడక తెలిసిన మనిషిగా 5కి 4. ఇతర శాఖల నుంచి నగరానికి నీళ్లు, నిధులు లాక్కొచ్చే మనిషిగా 3. చట్టం చేసే మనిషిగా 2. మురిక్కాల్వ పొంగిందని పొద్దున్నే ఆయన గేటు ముందు నిలబడేవాళ్లకు దక్కేది 1, అది కూడా కాఫీకి.

వార్డులో అయిదేళ్లు తిరిగినవాళ్లకు అబ్బేది ఒకటే విద్య: ఫైలు ఏ బల్ల మీద ఆగిందో పట్టుకోవడం. నూరు మీటర్ల మురిక్కాల్వనే తీసుకోండి. వార్డు సచివాలయంలో సౌకర్యాలు చూసే ఎమినిటీస్ సెక్రటరీ కొలతలు తీస్తాడు. ఏఈ (అసిస్టెంట్ ఇంజినీరు) ఆ ఏటి ఎస్ఎస్ఆర్, అంటే ప్రభుత్వ ప్రామాణిక రేట్లతో ఎస్టిమేట్ కడతాడు. అది పై ఇంజినీరు డీఈ దగ్గర సరిచూసుకుని పైకి వెళ్తే సాంకేతిక మంజూరు వస్తుంది. పని విలువను బట్టి కమిషనరో, స్థాయీ సంఘమో, కౌన్సిలో పరిపాలనా మంజూరు ఇవ్వాలి. తర్వాత టెండరు, అగ్రిమెంటు, పని, ఎం-బుక్కులో (కొలతల పుస్తకం) లెక్కలు ఎక్కించడం, చెక్ మెజర్‌మెంట్, క్వాలిటీ తనిఖీ, ఆఖర్న ప్రభుత్వ చెల్లింపుల ఆన్‌లైన్ వ్యవస్థ సీఎఫ్ఎంఎస్‌లోకి బిల్లు. ఇన్ని మెట్లలో ఫైలు ఎక్కువగా ఆగేది రెండుచోట్ల. పనిని ఏ పద్దు కింద పెట్టాలో తేలనప్పుడు, టెండరుకు ఎవరూ రానప్పుడు.

పద్దు సంగతి చాలామందికి తెలీదు. 2021-22 నుంచి 2025-26 దాకా కడప, కర్నూలు, అనంతపురం లాంటి నగరాలకు 15వ ఆర్థిక సంఘం ఇచ్చిన గ్రాంటులో 60 శాతాన్ని తాగునీటికి, పారిశుద్ధ్యానికి చెరి సగంగా ముడిపెట్టేశారు. మిగిలిన 40 శాతమే ఊరి అవసరాన్ని బట్టి వాడుకోనిచ్చారు, అదీ జీతాలకు కాదు. అందుకే ఒకే ఇంజినీరు ఒకే రోజు ‘రోడ్డుకు ఫండ్స్ లేవు’ అని చెప్పి, పక్క వీధి పైపులైన్‌కు ఎస్టిమేట్ వేయగలడు. అబద్ధమేమీ ఆడడు. పాత కార్పొరేటర్‌కు ఈ లెక్క నోటికి వచ్చి ఉంటుంది కాబట్టి ముందు నీళ్ల పద్దులో పడే పనులు అడిగి, మిగిలిన 40 శాతంలో సీసీ రోడ్డును దూరుస్తాడు. నేరుగా ఎమ్మెల్యే అయినవాళ్లు ‘మొత్తం ప్యాకేజీగా చేయించండి’ అని ఉత్తరం రాస్తారు. ఆ ఉత్తరం ఏ పద్దులోనూ పట్టదు, ఫైల్లో అడుగున పడి ఉంటుంది.

టెండరుకు ఎవరూ రాకపోవడానికి కారణం దాదాపుగా ఒకటే, పాత బిల్లులు. కాంట్రాక్టర్ చేసిన పని తాలూకు డబ్బు నెలల తరబడి ఆగితే కొత్త పనికి సిమెంటు అప్పు పుట్టదు. అప్పుడు రెండోసారి, మూడోసారి టెండరు పిలుస్తారు. దీనికి విరుగుడుగా కొందరు వార్డు నాయకులు చేసే పని ఏమిటంటే పెద్ద పనిని చిన్న ముక్కలుగా కోయించడం. ముక్కలు చేస్తే మంజూరు తొందరగా వస్తుంది, చిన్న కాంట్రాక్టర్లు దొరుకుతారు. కానీ ముక్కకూ ముక్కకూ మధ్య లెవెల్ కుదరదు. మొదటి ముక్క వేసిన మనిషి అడుగు ఒక ఎత్తులో ముగిస్తే రెండో మనిషి తన ఇష్టమొచ్చిన ఎత్తులో మొదలుపెడతాడు. నీళ్లు ఆ అతుకు దగ్గర నిలుస్తాయి, దోమలకు అదే ఇల్లు.

కాల్వకు వాలు 200కు 1 అనుకుంటే నూరు మీటర్లకు అర మీటరు దిగాలి. కల్వర్టు అడుగు అంతకన్నా పైన ఉంటే కాల్వ ఎంత నున్నగా కట్టినా నీరు వెనక్కే వస్తుంది. అందుకే కొలతలు తీసే రోజున అడగాల్సిన ప్రశ్న ‘ఎన్ని మీటర్లు?’ అని కాదు. నీళ్లు చివరికి ఎక్కడ పడతాయి, అక్కడి అడుగు ఎంత ఎత్తులో ఉంది, అది అడగాలి. కడపలో ఈ ప్రశ్నకు ఇంకో కొస ఉంది. పాత ఊరి నీళ్లు చాలావరకు బుగ్గవంక వైపే వాలుతాయి. 2020 నవంబరులో నివర్ తుఫానుకు వంక పొంగినప్పుడు కాలనీల్లోకి నీళ్లు చేరడం ఊరంతా చూసింది. వంకలో నీటిమట్టం కాల్వ నోటికన్నా పైకి లేస్తే కాల్వలో నీరు ఎదురు నడుస్తుంది. ఆ నోటి దగ్గర తలుపు లేకుండా లోపల వీధుల్లో ఎన్ని కాల్వలు కట్టినా వాన రాత్రి పనికిరావు. వీధి కాల్వ కార్పొరేటర్ తలకెత్తుకోవచ్చు. వంక గట్టు, గోడ, తలుపు అనేవి జలవనరుల శాఖతో పని. ఎమ్మెల్యే సర్వీసు నిజంగా మొదలయ్యేది ఆ గట్టు మీద.

ఇంకో రెండు చిన్న విషయాలు ఇక్కడే. ఒకటి కడప బండ. చేతికందే రాయి కాబట్టి అందరూ ఇంటి ముందు కాల్వ మీద నల్లబండ పరిచి సిమెంటుతో పూడ్చేస్తారు, పైన బండి ఎక్కేందుకు ర్యాంపు కడతారు. పూడిక తీసే కార్మికులకు అది లేవదు, కాబట్టి ఆ రెండు గజాలు వదిలేసి ముందుకు పోతారు. కాల్వ మూసుకుపోయేది అక్కడే. బండను ఒక మనిషి ఎత్తగలిగే ముక్కలుగా కోయించి, కొక్కెం పట్టేందుకు రంధ్రం పెట్టించి, పూడ్చకుండా వదిలేస్తే సరిపోతుంది. రెండోది, పాత రోడ్డు మీదే కొత్త సీసీ పోయడం. ఆరంగుళాల మందం రెండు విడతలు పడితే వీధి అడుగు ఎత్తు లేస్తుంది, గడప కిందికి పోతుంది. ఎస్టిమేట్లో పాత పొర తవ్వి తీసే ఐటం ఉందో లేదో ముందే చూడాలి. శంకుస్థాపన రోజున కొబ్బరికాయ కొట్టాక చూస్తే లాభం లేదు. వార్డు అనుభవం ఉన్న ఎమ్మెల్యే శంకుస్థాపనకు వచ్చినప్పుడు ఇలాంటి ప్రశ్న ఒక్కటి వేసినా ఏఈ జాగ్రత్త పడతాడు. ఆ 4 మార్కులు దీనికే.

మరి అలాంటి మనిషి ఎమ్మెల్యే అయ్యాక కార్పొరేషన్‌లో పని ఇంకా వేగంగా జరగాలి కదా? జరగదు, ఎందుకంటే అక్కడ ఆయన స్థానం మారిపోతుంది. ఎమ్మెల్యే కౌన్సిల్‌లో ఎక్స్ అఫీషియో (పదవి రీత్యా) సభ్యుడు. మేయర్ ఎన్నికలో ఓటుంది, సమావేశంలో మాట్లాడే హక్కుంది, అజెండా ఆయనది కాదు, కమిషనర్ ఆయన కింద పనిచేయడు. మేయర్‌ను మన రాష్ట్రంలో జనం నేరుగా ఎన్నుకోరు. కార్పొరేటర్లు, ఎక్స్ అఫీషియో సభ్యులు కలిసి ఎన్నుకుంటారు. కౌన్సిల్ ఒక పార్టీది, ఎమ్మెల్యే ఇంకో పార్టీ అయితే ఏమవుతుందో 2024 చివర్లో కడపలో కనిపించింది. వేదిక మీద మేయర్ పక్కన కుర్చీ వేయలేదని ఎమ్మెల్యే నిలబడే నిరసన తెలిపారు. సభ్యుల మధ్య గొడవ నడిచింది, ఆ రోజు అజెండాలో ఉన్న వీధుల పేర్లు ఎవరికీ గుర్తులేవు. తప్పెవరిదన్నది పార్టీల వాళ్లు తేల్చుకుంటారు. సర్వీసు వాడుకునేవాళ్లు గమనించాల్సింది మాత్రం కుర్చీ లెక్కే ఇంత తేలనిదైతే ఫైలు లెక్క ఇంకెంత ఉంటుందో అని.

దీనికి తిరగేసిన నమూనా తాడిపత్రి. జె.సి.ప్రభాకర్ రెడ్డి అక్కడ మున్సిపల్ చైర్మన్‌గా చేసి, 2014లో ఎమ్మెల్యే అయి, 2021లో మళ్లీ మున్సిపాలిటీకే వచ్చి చైర్మన్ కుర్చీలో కూర్చున్నారు. ఆ ఎన్నిక లెక్క చదివితే ఎక్స్ అఫీషియో ఓటు విలువ తెలుస్తుంది. 36 వార్డుల్లో టీడీపీకి 18, వైఎస్సార్సీపీకి 16, సీపీఐకి ఒకటి, స్వతంత్రుడికి ఒకటి. ఎమ్మెల్యే, ఎంపీల రెండు ఓట్లు కలిస్తే 18కి 18 సమం. సీపీఐ సభ్యుడు, స్వతంత్రుడు ఎటు మొగ్గితే కుర్చీ అటు. 2024లో ఆయన కొడుకు జె.సి.అస్మిత్ రెడ్డి ఎమ్మెల్యే అయ్యారు. అప్పటికి తండ్రి మున్సిపాలిటీలో, కొడుకు అసెంబ్లీలో. కుర్చీ గొడవకు ఇంతకన్నా పక్కా పరిష్కారం ఉండదు. అది ప్రజాస్వామ్యానికి మంచిదా కాదా అన్నది వేరే రివ్యూ. అనంతపురంలోనూ వి.ప్రభాకర్ చౌదరి మున్సిపల్ చైర్మన్‌గా చేశాకే 2014లో ఎమ్మెల్యే అయ్యారు.

కర్నూలు కథ మాత్రం వేరు. 2014లో కడప, అనంతపురం కార్పొరేషన్లకు ఎన్నికలు జరిగినా కర్నూలుకు జరగలేదు. 2010లో పాలకవర్గం గడువు తీరాక 2021 మార్చి దాకా అక్కడ ప్రత్యేకాధికారుల పాలనే. 1953 నుంచి 1956 దాకా ఆంధ్ర రాష్ట్రానికి రాజధానిగా ఉన్న ఊరికి పదకొండేళ్లు కార్పొరేటర్ అనేవాడే లేడు. ఆ కాలంలో జనం ప్రతిదానికీ ఎమ్మెల్యే దగ్గరికే పోవడం అలవాటు చేసుకున్నారు, ఆ అలవాటు ఇంకా వదల్లేదు. వార్డు బడిలో చదువుకుని పైకి వచ్చే తరం కూడా అక్కడ ఒకటి లేకుండా పోయింది. 2021లో 52 డివిజన్లకు ఎన్నికలు జరిగాక మేయర్ అయిన బి.వై.రామయ్య 2024లో కర్నూలు ఎంపీ స్థానానికి పోటీ చేసి ఓడిపోయారు. మేయర్ కుర్చీ నుంచి పై మెట్టు ఖాయమేమీ కాదని దాంతో తెలిసింది.

కర్నూలు వాళ్లు ముందు తెలుసుకోవాల్సింది ఇంకొకటుంది. కార్పొరేషన్ సరిహద్దు, నియోజకవర్గం సరిహద్దు ఒకటి కావు. నగరంలో కల్లూరు వైపు డివిజన్లు పాణ్యం నియోజకవర్గంలోకి వస్తాయి, కొన్ని కోడుమూరులోకి వస్తాయి. కుళాయి బిల్లు కర్నూలు కార్పొరేషన్‌కు కడుతూ ఓటు పాణ్యంలో వేసేవాళ్లు కర్నూలు ఎమ్మెల్యే ఆఫీసుకు వెళ్తే మర్యాదగా కూర్చోబెట్టి తిప్పి పంపుతారు. కడపలోనూ శివారు డివిజన్లు కొన్ని కమలాపురం కిందికి వస్తాయి. అనంతపురంలో ఇంకో రకం: ఊరిలో కలిసిపోయినట్టే కనిపించే రుద్రంపేట, నారాయణపురం వంటివి పంచాయతీలు. అక్కడ మున్సిపల్ చట్టమే వర్తించదు. అర్జీ రాసేముందు ఓటరు కార్డు వెనక నియోజకవర్గం పేరు, ఇంటి పన్ను రసీదు మీద సంస్థ పేరు రెండూ చూసుకుంటే ఒక రోజు కూలి మిగులుతుంది.

ఎమ్మెల్యే సర్వీసు బాగా పనిచేసేది నీళ్ల దగ్గర, అదీ ఎండాకాలంలో. వీధిలో నీళ్లు ఎన్ని గంటలకు వదలాలి, ఏ వాల్వు ఎంత తిప్పాలి అన్నది కార్పొరేషన్ చేతిలో పని. చివరి ఇళ్లకు నీళ్లు ఎక్కకపోతే మొదటి ఇళ్లవాళ్లు లైనుకు నేరుగా మోటార్లు బిగించారా అని చూడాలి. దానికి ఎమ్మెల్యే అక్కర్లేదు, ఫిట్టర్ చాలు. కానీ నది ఎండితే ఏ ఫిట్టరూ ఏమీ చేయలేడు. కడపకు పెన్న నుంచి, అనంతపురానికి పెన్నహోబిలం రిజర్వాయరు (పీఏబీఆర్) నుంచి, కర్నూలుకు తుంగభద్ర మీద సుంకేశుల నుంచి నీళ్లు రావాలి. సుంకేశుల నిలవే 1.2 టీఎంసీలు. అందులో కేసీ కాల్వకు ఎంత, ఊరికి ఎంత అన్నది మేయర్ నిర్ణయించడు. పైనుంచి నీళ్లు వదలాలంటే జలవనరుల శాఖ, కలెక్టర్, సాగునీటి సలహా మండలి సమావేశం, ఒక్కోసారి తుంగభద్ర బోర్డు దాకా పోవాలి. 2024 ఆగస్టులో తుంగభద్ర డ్యాం 19వ గేటు కొట్టుకుపోయినప్పుడు కర్నూలు, అనంతపురం ఇళ్లల్లో భయం పట్టుకున్నది అందుకే. సలహా మండలిలో ఎమ్మెల్యేకు మాట ఉంది. ఆ సమావేశంలో ఎక్కువమంది ఆయకట్టు గురించి మాట్లాడతారు. అక్కడ లేచి ‘సమ్మర్ స్టోరేజీలో ఎన్ని రోజులకు సరిపడా నీళ్లున్నాయి?’ అని అడిగేది కుళాయి దగ్గర బిందెల గొడవలు చూసివచ్చిన మనిషే. ఇక్కడ 3 కాకుండా 4 వేయాల్సింది. చాలామంది ఆ సమావేశానికి తయారై రారు కాబట్టి తగ్గించాల్సి వచ్చింది.

వీధి దీపం చిన్న ఉదాహరణ, కానీ శాఖల మధ్య గీత ఎక్కడుందో దాంతో తేలిగ్గా అర్థమవుతుంది. స్తంభం కరెంటు సంస్థ ఎస్పీడీసీఎల్‌ది, దాని మీద దీపం కార్పొరేషన్‌ది. దీపం వెలగకపోతే సచివాలయంలో చెప్పాలి. స్తంభం వంగితే, తీగ వేలాడితే కరెంటు ఆఫీసులో చెప్పాలి. స్తంభం నంబరు రాసుకుని పోకపోతే ఇద్దరూ రెండోవాళ్ల వైపు వేలు చూపిస్తారు. పెద్ద రోడ్లలో కొన్ని ఆర్ అండ్ బీవి, కొన్ని జాతీయ రహదారులవి. వాటి మీద గుంతలకు కార్పొరేషన్ తట్టెడు కంకర కూడా వేయలేదు. ఈ శాఖలన్నిటినీ ఒక బల్ల చుట్టూ కూర్చోబెట్టగలిగేది నియోజకవర్గ స్థాయి సమీక్షలో ఎమ్మెల్యే ఒక్కరే. రోడ్డు వేశాక పైపుకోసం తవ్వడం, పైపు వేశాక కేబుల్‌కోసం తవ్వడం అనేది ఆ సమీక్ష సరిగ్గా జరగని ఊళ్లలోనే.

చట్టం దగ్గర 2 మార్కులే ఎందుకంటే, వార్డులో తిట్లు పడేది చాలావరకు అసెంబ్లీలో పుట్టిన వాటికే. ఇంటి పన్ను చూడండి. 2020లో చట్టం మార్చి 2021-22 నుంచి అద్దె విలువ బదులు మూలధన విలువ మీద పన్ను తెచ్చారు. నివాసాలకు 0.10 నుంచి 0.50 శాతం, ఇతర భవనాలకు 0.20 నుంచి 2 శాతం అనే పరిధి పైనుంచి వచ్చింది. ఆ పరిధిలో ఏ రేటు పెట్టాలన్నది కౌన్సిల్ తేల్చాలి. ఏడాదికి పెరుగుదల 15 శాతం దాటకూడదు. రిజిస్ట్రేషన్ విలువ పెరిగితే పన్ను కూడా మెల్లగా పైకి పోతూనే ఉంటుంది. చెత్త పన్ను కూడా అంతే. 2021లో వసూలు మొదలైతే గడప గడపకూ తిరిగి తిట్లు తిన్నది కార్పొరేటర్లు, సచివాలయం పిల్లలు. 2024 చివర్లో దాన్ని తీసేసింది మళ్లీ అసెంబ్లీయే. వార్డు నుంచి వెళ్లిన ఎమ్మెల్యే బిల్లు మీద చర్చలో ‘ఇది గుమ్మం దగ్గర ఎలా ఉంటుందో నాకు తెలుసు’ అని లేవాలి. లేచేవాళ్లు తక్కువ. దొరికిన నాలుగు నిమిషాలు నియోజకవర్గానికి ఒక వంతెన, ఒక కాలేజీ అడగడానికే సరిపోతాయి. విప్ (పార్టీ ఆదేశం) ఉన్న చోట స్వరం ఎంత లేస్తుందిలే అనుకోవచ్చు. కానీ సవరణ ప్రతిపాదించడానికి, ప్రశ్నోత్తరాల్లో లెక్కలు రాబట్టడానికి విప్ అడ్డం కాదు.

చట్టం గురించే ఇంకొకటి. కార్పొరేటర్‌గా నిలబడాలంటే 21 ఏళ్లు నిండితే చాలు, ఎమ్మెల్యేకు 25 నిండాలి. కానీ ఇద్దరికన్నా ఎక్కువమంది పిల్లలుంటే స్థానిక ఎన్నికల్లో పోటీకి పనికిరారన్న నిబంధన మన దగ్గర దశాబ్దాల పాటు నడిచింది. అసెంబ్లీకి ఆ నిబంధన ఎప్పుడూ లేదు. ముగ్గురు పిల్లల తండ్రి వార్డు మెంబరు కాలేడు కానీ మంత్రి కాగలడు. 2024లో ఆ నిబంధన ఎత్తేశారు. వార్డు రిజర్వేషన్లు మారుతుంటాయి కాబట్టి అయిదేళ్లు కాళ్లరిగేలా తిరిగిన కార్పొరేటర్‌కు తర్వాతి సారి అదే వార్డు దక్కుతుందన్న నమ్మకం లేదు. మహిళలకు రిజర్వు అయితే భార్యను నిలబెట్టి, సంతకాలు ఆమెవి, పెత్తనం తనది అన్నట్టు నడిపిస్తారు. ఆమెకు పని రాదు, ఆయనకు పదవి లేదు. ఎమ్మెల్యే టికెట్ వేళకు ఆ అనుభవం ఎవరి ఖాతాలో వేయాలో పార్టీకే తెలీదు.

ఈ సర్వీసులో పెద్ద లోపం పైవేవీ కావు. వార్డు నుంచి ఎదిగినవాళ్లలో కొందరు ఎమ్మెల్యే అయ్యాక కూడా వార్డును వదలరు. పెద్ద కార్పొరేటర్‌లా ఉండిపోతారు. ఏఈ బదిలీ, పారిశుద్ధ్య మేస్త్రీ డ్యూటీ, ఏ వీధికి ఏ కాంట్రాక్టర్, శిలాఫలకం మీద పేర్ల వరస, అన్నీ ఆయన చూడాలి. ఇప్పటి కార్పొరేటర్ ఇంకో పార్టీ అయితే సరేసరి, సొంత పార్టీ అయినా నోరెత్తడు. 2019 అక్టోబరు 2న వార్డు సచివాలయాలు వచ్చాక కార్పొరేటర్ పని ఇప్పటికే సగం తగ్గింది. మిగిలిన సగం ఎమ్మెల్యే ఆఫీసుకు పోతే ఆ మెట్టు మీద కొత్తగా ఎవరూ ఏమీ నేర్చుకోరు. తను ఎక్కివచ్చిన నిచ్చెనను తనే లాగేసుకున్నట్టు.

ముఖ్యమంత్రి సహాయ నిధి మాత్రం పక్కాగా ఎమ్మెల్యే ఆఫీసు పని, ఇక్కడ మొహమాటం అక్కర్లేదు. ఆసుపత్రి అసలు బిల్లులు, డిశ్చార్జి సమ్మరీ, ఆధార్, రేషన్ కార్డు, బ్యాంకు పాస్‌బుక్ మొదటి పేజీ పట్టుకుని వెళ్లాలి. తిరస్కరణకు వచ్చేవి ఎక్కువగా మూడు కారణాలకే: జిరాక్స్ బిల్లులు పెట్టడం, ఆధార్‌లో ఒక పేరు ఆసుపత్రి కాగితాల్లో ఒక పేరు ఉండటం, ఎన్టీఆర్ వైద్య సేవలో అప్పటికే ఆ చికిత్సకు డబ్బు చెల్లించి ఉండటం. అసలు బిల్లులు ఇచ్చేముందు ఒక సెట్టు జిరాక్స్ ఇంట్లో పెట్టుకోవాలి, అవి తిరిగి రావు. చికిత్సకు ముందే డబ్బు కావాలంటే ఎల్ఓసీ (ఆసుపత్రికి ఇచ్చే హామీ లేఖ) అడగాలి, దానికి ఆసుపత్రి ఇచ్చే ఖర్చు అంచనా కావాలి.

మిగతా పనులకు వరస ఇది. మొదట పురమిత్ర యాప్‌లోనో సచివాలయంలోనో ఫిర్యాదు, ఫొటోతో. ఫొటోలో పక్కింటి డోర్ నంబరో, స్తంభం నంబరో కనిపించాలి, లేకుంటే ‘స్థలం గుర్తించలేకపోయాం’ అని మూసేస్తారు. పని కాకుండానే ‘పరిష్కరించబడింది’ అని మెసేజి వస్తే అదే నంబరుతో తిరిగి తెరవమని రాయాలి, కొత్తది పెడితే పాత గడువు పోతుంది. తర్వాత సోమవారం కార్పొరేషన్ ఆఫీసులో ప్రజా సమస్యల పరిష్కార వేదిక, అక్కడ కాకపోతే ఆ పై సోమవారం కలెక్టరేట్. ఈ రెండు రసీదులు చేతిలో ఉన్నాక ఎమ్మెల్యే ఆఫీసుకు వెళ్లాలి. అక్కడ అడగాల్సింది సిఫారసు లేఖ ఒక్కటే కాదు, అది ఏ తేదీన, ఏ నంబరుతో కమిషనర్ ఆఫీసు ఇన్‌వర్డ్‌లో పడిందో కూడా. పీఏ ఆ నంబరు చెప్పలేకపోతే కాపీ తీసుకుని మీరే కార్పొరేషన్ టపాల్ సెక్షన్‌కు వెళ్లి ముద్ర వేయించుకోండి. పన్నెండు లోపు వెళ్లండి, భోజనాల తర్వాత ఆ కిటికీ ఎప్పుడు తెరుస్తారో చెప్పలేం.